యాంకరింగ్ మీద తెలుగు విజ్ఞాన సర్వస్వం వ్యాసం: మొత్తం చదివి రాస్తున్న రివ్యూ, 5కి 2.5

ఆన్‌లైన్‌లో ఫ్రీగా దొరికే, ఎవరైనా దిద్దగలిగే తెలుగు విజ్ఞాన సర్వస్వం ఒకటుంది కదా, దాంట్లో యాంకరింగ్ అనే ఆలోచనా లోపం గురించి ఒక వ్యాసం ఉంది. నేను నెల్లూరు పక్కన ఒక బీఈడీ కాలేజీలో సైకాలజీ చెప్తాను. మా పిల్లలు సెమినార్ అన్నా, అసైన్‌మెంట్ అన్నా, డీఎస్సీ ప్రిపరేషన్ అన్నా ముందు ఫోన్ తీసి అదే తెరుస్తారు, టెక్స్ట్ బుక్ ఆ తర్వాతే. అంతమంది వాడేది ఎట్టా ఉందో ఎవరో ఒకరు చెప్పాలి కదా అని మొదటి లైను నుంచి అడుగున ఉన్న లింకుల దాకా కూర్చుని చదివాను, ఏ మాటకి ఏ ఆధారం ఇచ్చారో తీసి చూశాను, ఏది ఉంచాలి ఏది మార్చాలి అని ఒక ప్లాన్ కూడా రాసుకున్నాను, అదంతా ఇక్కడ పెడుతున్నా.

యాంకరింగ్ తెలియని వాళ్ల కోసం ముందు రెండు ముక్కలు. ఏదైనా ఒక అంకె మనం అంచనా వేయాల్సి వచ్చినప్పుడు, దానికి కాస్త ముందు చెవిన పడిన అంకె మన అంచనాని తన వైపు లాగేసుకుంటుంది. ఆ అంకెకీ అసలు విషయానికీ సంబంధం లేకపోయినా లాగుతుంది, విశేషం అంతా అక్కడే ఉంది. బేరాల్లో, జీతం మాట్లాడుకునే కాడ, ఇంటి అద్దె కాడ, బట్టల షాపులో పాత రేటు కొట్టేసి పక్కన కొత్త రేటు రాసిన స్టిక్కర్ మీద, అన్ని చోట్లా ఇదే పని చేస్తా ఉంటుంది. ఇంత రోజువారీ విషయం మీద మన భాషలో ఒక మంచి వ్యాసం ఉండి తీరాలని నా అభిప్రాయం, అందుకే రివ్యూ కూడా కొంచెం గట్టిగానే ఉంటుంది.

బాగున్న సంగతి ముందు చెప్తా. 1974లో సైన్స్ పత్రికలో ఆమోస్ ట్వెర్‌స్కీ, డేనియల్ కానెమన్ కలిసి రాసిన పేపర్‌తో వ్యాసం మొదలవుతుంది, అది కరెక్టే, ఎవరు రాసినా అక్కడి నుంచే రావాలి. ఆ చక్రం ప్రయోగాన్ని కూడా తప్పులు లేకుండా చెప్పారు: 0 నుంచి 100 దాకా అంకెలున్న చక్రం తిప్పుతారు, చూసేవాళ్లకి అది ఎక్కడైనా ఆగొచ్చు అనిపిస్తుంది గానీ నిజానికి 10 మీదో 65 మీదో మాత్రమే ఆగేటట్టు ముందే సెట్ చేసిపెట్టారు. తర్వాత ఐక్యరాజ్యసమితిలో ఆఫ్రికా దేశాలు ఎంత శాతం ఉంటాయి అని అడుగుతారు, ఈ అంకె కంటే ఎక్కువా తక్కువా, ఆ తర్వాత కచ్చితంగా ఎంత అని. 10 చూసినవాళ్ల మధ్యస్థ అంచనా (అందరి జవాబులూ వరసలో పెడితే సరిగ్గా మధ్యలో వచ్చేది) 25, 65 చూసినవాళ్లది 45. చక్రానికీ ఆఫ్రికాకీ ఏ సంబంధమూ లేదని అందరికీ తెలుసు, అయినా అంత తేడా వచ్చింది. ఇంతవరకు వ్యాసంలో ఉంది, చక్కగా ఉంది. అదే పేపర్లో ఇంకో మాట ఉంది, కరెక్ట్‌గా చెప్పినవాళ్లకి డబ్బులిస్తామన్నా ఆ లాగుడు తగ్గలేదని, అది మాత్రం వదిలేశారు. శ్రద్ధ పెట్టక అట్టా చెప్పుంటారులే అని చదివేవాళ్లకి వెంటనే అనిపిస్తుంది, ఆ ఒక్క వాక్యం ఉంటే ఆ అనుమానం అక్కడే తీరిపోయేది.

మనుషుల వివరాల్లో చిన్న చిన్న లోటులు ఉన్నాయి, వాటి మీద ఎక్కువ టైమ్ పెట్టను. కానెమన్‌కి 2002లో ఆర్థికశాస్త్రంలో నోబెల్ వచ్చింది, ట్వెర్‌స్కీ 1996లోనే పోయారు కాబట్టి ఆయన పేరు అందులో లేదు, ఈ రెండో ముక్క లేకపోతే పిల్లలు ఒక్కడికే ఎందుకిచ్చారు మేడమ్ అని అడుగుతారు. కానెమన్ కూడా 2024 మార్చిలో చనిపోయారు, వ్యాసంలో ఆయన ఇంకా బతికున్నట్టే రాసుంది. పది నిమిషాల్లో సరిచేసేవి ఇవి.

అసలు కష్టం మొదటి వాక్యంతోనే మొదలవుతుంది. ఇప్పుడున్నది ఇట్టా ఉంది: "యాంకరింగ్ అనేది ఒక అభిజ్ఞా పక్షపాతం, దీని ద్వారా ఒక వ్యక్తి యొక్క నిర్ణయాలు ఒక నిర్దిష్ట సూచన బిందువు చేత ప్రభావితం చేయబడతాయి." మా క్లాసులో ఒక అమ్మాయి దీన్ని పైకి చదివి, చదవడం అయిపోయాక ఏం అర్థమైందమ్మా అంటే తల అడ్డంగా ఊపింది, ఆ అమ్మాయి తెలివైనదే, వాక్యమే అట్టా ఉంది. నేను డ్రాఫ్ట్‌లో రాసుకున్నది ఇది: "ఒక విలువని అంచనా వేసేటప్పుడు ముందుగా కనపడిన లేదా వినపడిన అంకె వైపు మన అంచనా ఒరిగిపోవడాన్ని యాంకరింగ్ అంటారు, ఆ అంకెకి విషయంతో సంబంధం లేకపోయినా ఇది జరుగుతుంది." ఇది కూడా పర్ఫెక్ట్ కాదు, ఇంకా బాగా రాయగలిగిన వాళ్లుంటే రాయండి, కానీ ఎవరు ఒరుగుతున్నారు, దేని వైపు, ఎప్పుడు అనేది మొదటి వాక్యంలోనే తెలియాలి, పరిభాష రెండో వాక్యానికి పోవచ్చు.

రెండోది, చదివేవాడు తనే చేసి చూసుకోగలిగిన ప్రయోగం ఒక్కటి కూడా పెట్టలేదు, అది అదే 1974 పేపర్లో రెడీగా ఉంది. హైస్కూల్ పిల్లల్ని రెండు గుంపులు చేసి ఒక గుంపుకి 8×7×6×5×4×3×2×1 అని, ఇంకో గుంపుకి 1×2×3×4×5×6×7×8 అని రాసి చూపించి ఐదు సెకన్లలో అంచనా చెప్పమన్నారు. ఎనిమిదితో మొదలైన గుంపు మధ్యస్థ అంచనా 2,250, ఒకటితో మొదలైన గుంపుది 512, అసలు జవాబు 40,320. ఇది నేను ప్రతి బ్యాచ్‌కీ బోర్డు మీద రాసి చేయిస్తాను, సగం మందిని కళ్లు మూసుకోమని, ఇంకో సగానికి చూపించి, చీటీల మీద అంకె రాయించి తీసుకుంటాను. ఎనిమిదితో మొదలైన చీటీల్లో అంకెలు పెద్దవే వస్తాయి, రెండు కట్టలూ పక్కపక్కన పెట్టి చదివేటప్పుడు క్లాసులో గోల మొదలవుతుంది, ఒకటే లెక్క కదా మేడమ్ అని. వ్యాసంలో ఈ రెండు వరుసలూ ఒక చిన్న పెట్టెలో పెడితే చాలు, ఇంట్లో ఎవరైనా తమ్ముడి మీదో పిన్ని మీదో చేసి చూసుకోవచ్చు. ఇంకో లాభం ఉంది, రెండు గుంపులూ అసలు జవాబుకి చాలా కింద ఆగిపోయారు కాబట్టి, మొదట్లో వచ్చిన అంకె దగ్గర నుంచి కొంచెం జరిగి మధ్యలోనే ఆగిపోతాం అనే వివరణ కూడా దీంతోనే చెప్పొచ్చు.

ఇప్పుడు నా పెద్ద కంప్లయింట్, 2.5 మార్కులు పోయింది ఎక్కువగా ఇక్కడే. ఈ వ్యాసంలో గట్టిగా నిలబడ్డ ప్రయోగాలు, అంత గట్టిగా నిలబడనివి అన్నీ ఒకే వరసలో, ఒకే గొంతుతో చెప్పుకుంటూ పోయారు. విజ్ఞాన సర్వస్వం చెయ్యాల్సిన ముఖ్యమైన పని ఆ రెంటినీ విడదీసి చూపించడం, ఎందుకంటే మామూలు పాఠకుడు పేపర్లు తీసి చదవలేడు, వాడి తరఫున ఎవరో చదివి పెట్టాలి. ఈ పదిహేనేళ్లలో సైకాలజీలో పాత ప్రయోగాలు మళ్లీ చేస్తే రావట్లేదని ఎంత గొడవ జరిగిందో తెలిసిందే, ఆ గొడవ తర్వాత కూడా యాంకరింగ్ వ్యాసంలో దాని ఊసే లేకపోతే ఎట్టా?

విచిత్రం ఏంటంటే ఆ గొడవలో యాంకరింగ్‌కి మంచి పేరే వచ్చింది. 2014లో మెనీ ల్యాబ్స్ అనే ప్రాజెక్ట్ రిజల్ట్స్ వచ్చాయి, 36 చోట్ల కలిపి 6,344 మంది మీద 13 ప్రయోగాలు మళ్లీ చేశారు. యాంకరింగ్‌కి నాలుగు ప్రశ్నలు పెట్టారు, వాటిలో ఒకటి ఎవరెస్ట్ ఎత్తు: కొందరికి 2,000 అడుగుల కంటే ఎక్కువే అని ముందు చెప్పి, ఇంకొందరికి 45,500 అడుగుల కంటే తక్కువే అని చెప్పి, అప్పుడు ఎత్తెంత అని అడిగారు. నాలుగు ప్రశ్నలూ నిలబడ్డాయి, అదీ బలంగా. అదే ప్రాజెక్టులో అమెరికా జెండా చూపిస్తే రాజకీయ అభిప్రాయం మారుతుందనే ప్రయోగం, డబ్బు బొమ్మ చూపిస్తే ఆలోచన మారుతుందనే ప్రయోగం నిలబడలేదు. ఇంతకంటే మంచి ఆధారం యాంకరింగ్‌కి ఇంకేం కావాలి, దాన్నే పెట్టకుండా వదిలేశారు.

దాని బదులు వ్యాసంలో ఎక్కువ చోటు ఆక్రమించింది సోషల్ సెక్యూరిటీ నంబర్ల (అమెరికాలో ప్రభుత్వం ఒక్కో మనిషికీ ఇచ్చే నంబర్) ప్రయోగం. 2003లో డాన్ ఏరియలీ, జార్జ్ లోవెన్‌స్టైన్, డ్రేజన్ ప్రెలెక్ చేశారు, ఎంబీఏ విద్యార్థులని వాళ్ల నంబర్లో చివరి రెండంకెలు రాయమని, ఆ తర్వాత వైన్ బాటిల్‌కో కీబోర్డుకో ఎంత పెడతావు అని అడిగారు. పెద్ద అంకెలున్న ఐదో వంతు మంది వైర్‌లెస్ కీబోర్డుకి సగటున 55.64 డాలర్లు అన్నారు, చిన్న అంకెలవాళ్లు 16.09. వినడానికి భలే ఉంటుంది, వీడియోల్లో కూడా ఇదే చెప్తారు. కానీ 2012లో డ్రూ ఫుడెన్‌బర్గ్, డేవిడ్ లెవిన్, జకారియాస్ మానియాడిస్ ఇట్టాంటి ప్రయోగాలే చేస్తే ప్రభావం చాలా బలహీనంగా వచ్చింది, 2014లో మానియాడిస్ ఇంకో ఇద్దరితో కలిసి చేసినప్పుడూ మొదట్లో వచ్చినంత రాలేదు. అంటే తెలియని సంఖ్యని అంచనా వేయడంలో యాంకరింగ్ బలంగా ఉంది, మన జేబులోంచి ఎంత తీస్తాం అనే కాడ అంత బలంగా కనపడలేదు. ఈ తేడా రెండు వాక్యాల్లో చెప్పొచ్చు, చెప్తే వ్యాసం విలువ రెండింతలవుతుంది.

పాచికల ప్రయోగం సంగతి ఇంకా ఘోరం, వ్యాసంలో "జడ్జిలు పాచికలు వేసి శిక్షలు నిర్ణయించారు" అన్నట్టు రాసిపెట్టారు. అది చదివిన మా పిల్లవాడొకడు జర్మనీ కోర్టుల్లో అట్టా జరుగుతుందా అని నిజంగానే అడిగాడు. 2006లో బిర్టె ఎంగ్లిష్, థామస్ ముస్‌వైలర్, ఫ్రిట్జ్ స్ట్రాక్ జర్మనీలో చేసిన పని అది. న్యాయ రంగంలో ఉన్నవాళ్లకి షాపుల్లో దొంగతనం చేసిన ఒక మహిళ కేసు కాగితం మీద ఇచ్చి చదివించారు, నిజమైన ముద్దాయి ఎవరూ లేరు, ఎవరూ జైలుకి పోలేదు. తర్వాత పాచికలు వేయించారు, ఆ పాచికలు కలిపితే 3 గానీ 9 గానీ వచ్చేటట్టే తయారుచేసినవి. 3 పడ్డవాళ్లు సగటున 5.28 నెలలు, 9 పడ్డవాళ్లు 7.81 నెలలు శిక్ష వేస్తామన్నారు. ఉన్నదున్నట్టు చెప్పినా చదివేవాళ్లు ఉలిక్కిపడతారు, దానికి మసాలా అవసరం లేదు. కాగితం మీద కేసు అనే మాట చేర్చకపోతే మాత్రం మనం కోర్టుల గురించి అబద్ధం చెప్పినట్టే.

ఇక హోటల్ పేరులో 97 ఉంటే 17 ఉన్నదాని కంటే ఎక్కువ ఖర్చు పెడతాం అన్న ప్రయోగం, అది తీసేయమని నేననను, ఉంచి, పెద్ద సంఖ్యలో మనుషులతో మళ్లీ చేసినప్పుడు ఆ ప్రభావం సరిగా కనపడలేదని పక్కనే రాస్తే సరిపోతుంది.

యాంకరింగ్ ఎందుకు జరుగుతుంది అనే సెక్షన్ అసలు లేదు. ఉండాల్సింది ఇక్కడే రసం అంతా. ట్వెర్‌స్కీ, కానెమన్ చెప్పింది మొదటి అంకె కాడ నుంచి సర్దుకుంటూ పోయి త్వరగా ఆగిపోతాం అని. దీనికి ఒక రకం ఉదాహరణ మనమే ఇవ్వొచ్చు, ఆంధ్ర రాష్ట్రం ఎప్పుడు ఏర్పడింది అని నెల్లూరులో ఎవరినైనా అడగండి, తేదీ గుర్తులేని మనిషి 1947 నుంచి మొదలుపెట్టి, స్వాతంత్ర్యం వచ్చాక కొన్నేళ్లకి పొట్టి శ్రీరాములు గారి దీక్ష, ఆ తర్వాత అని లెక్కేసుకుంటా 1953 వైపు వస్తాడు. ఇక్కడ మొదటి అంకె ఎవరూ ఇవ్వలేదు, మనిషే తెచ్చుకున్నాడు, నికొలస్ ఎప్లీ, థామస్ గిలోవిచ్ 2001లో ఇట్టాంటి సొంత అంకెల కాడ సర్దుబాటు నిజంగా జరుగుతుందని చూపించారు. బయట నుంచి ఇచ్చిన అంకె సంగతి వేరేమో అంటారు స్ట్రాక్, ముస్‌వైలర్. వాళ్ల 1997 ప్రయోగం మన పిల్లలకి చెప్పితే ఎప్పటికీ మర్చిపోరు: గాంధీ గారు చనిపోయేనాటికి వయసు 9 కంటే ఎక్కువా తక్కువా అని కొందరిని, 140 కంటే ఎక్కువా తక్కువా అని ఇంకొందరిని అడిగారు. తొమ్మిదేళ్లకి చనిపోలేదు, నూటనలభై బతకలేదు, రెండూ జరగనివని అందరికీ తెలుసు. అయినా 9 విన్నవాళ్లు సగటున 50 అన్నారు, 140 విన్నవాళ్లు 67 అన్నారు, ఆయన పోయింది 78 ఏళ్ల వయసులో. వాళ్ల వివరణ ఏంటంటే పెద్ద అంకె వినగానే ముసలి గాంధీకి సంబంధించిన విషయాలే ముందు గుర్తొస్తాయి, చేతికర్ర, బోసినవ్వు, అవన్నీ, చిన్న అంకె వింటే ఇంకో రకం విషయాలు. ఆ గుర్తొచ్చిన వాటితోనే అంచనా కట్టుకుంటాం. ఈ రెండు వివరణలకీ విడివిడిగా చెరో పేరా ఇవ్వాలి, ఏది ఎక్కడ పనికొస్తుందో కూడా రాయాలి.

మన ప్రాంతం ఉదాహరణల గురించి ఇప్పుడు. నేను ఈ మాట క్లాసులో ఎత్తితే చాలు, పొగాకు వేలం ఉంది కదా మేడమ్ అని టంగుటూరు, కొండపి వైపు పిల్లలు అంటారు, రొయ్యల కౌంట్ రేటు అని ఇందుకూరుపేట వైపు వాళ్లు అంటారు. మా ఇంట్లో అయితే వరి. మా నాన్న వాళ్లది కోవూరు పక్కన, కోతలప్పుడు కళ్లం కాడికి దళారి వస్తాడు, రాశిలో చెయ్యి పెట్టి గుప్పెడు గింజలు తీసి అరచేతిలో నలుపుతాడు, ఉఫ్ అని ఊది, రెండు గింజలు పంటి కింద వేసి కొరికి చూసి, "తేమ ఎక్కువుండాది పెద్దాయనా, పదహారు కంటే రాదు" అంటాడు. పదహారంటే పుట్టికి పదహారు వేలు, మా నెల్లూరు పుట్టి 850 కిలోలు. ఇక అక్కడి నుంచి గట్టు మీద కూర్చున్న అందరి మాటా పదహారున్నర, పదహారు ముప్పావు, మహా అయితే పదిహేడు చుట్టూనే తిరుగుతుంది. 2024-25కి ఏ గ్రేడ్ ధాన్యానికి మద్దతు ధర క్వింటాలుకి 2,320 రూపాయలు, అంటే పుట్టికి 19,720 అవుతుంది, ఆ అంకెతో ఎవరూ మొదలుపెట్టరు.

ఇంత బాగా కుదిరిన ఉదాహరణని వ్యాసంలో పెట్టేద్దామా అంటే కూడదు, ఈ విషయంలో రూల్ పెట్టినవాళ్ల వైపే నేను. సొంతంగా చూసింది, సొంతంగా తేల్చుకున్నది విజ్ఞాన సర్వస్వంలో రాయకూడదు, ఎక్కడో ప్రచురించిన ఆధారం ఉండాలి. ఎందుకో ఆ కళ్లం కాడే కనపడుతుంది. నాన్న పదిహేడుకి ఒప్పుకున్నాడంటే దళారి చెప్పిన పదహారు బుర్రలో కూర్చున్నందుకేనా? మబ్బు పట్టి ఉంది, పట్టలు చాలవు, ఎరువుల బాకీ ఉంది, ఇంకో లారీ రేపు వస్తుందో రాదో తెలియదు, తేమ కూడా నిజంగానే ఎక్కువ ఉండొచ్చు. అన్నీ కలిసిపోయి ఉన్నాయి, యాంకరింగ్ వాటా ఎంత అనేది చూసి చెప్పలేం. పొగాకు బేళ్ల కాడ కూడా అంతే, గ్రేడు తేడా, ఆ రోజు కొనేవాళ్లు ఎంతమంది వచ్చారు అనేవి ఉంటాయి. రైతుకి తక్కువ రేటు రావడానికి కారణం వాడి ఆలోచనా లోపమే అని ఎవరైనా ఆ వ్యాసం చూసి అనేస్తే అది చాలా అన్యాయం, అట్టాంటి మాటకి మన వ్యాసం ఆధారం కాకూడదు.

దానికి బదులుగా ప్రచురించిన వాటిలోంచే మన జీవితానికి దగ్గరగా ఉన్నవి ఏరుకుందాం. గ్రెగరీ నార్త్‌క్రాఫ్ట్, మార్గరెట్ నీల్ 1987లో అమెరికాలో టూసాన్ ఊళ్లో చేసింది నాకు అన్నిట్లోకీ ఇష్టం. అమ్మకానికున్న నిజమైన ఇంటికి విద్యార్థుల్నీ, ఆ ఊరి రియల్ ఎస్టేట్ ఏజెంట్లనీ పంపించారు, లోపలంతా తిరిగి చూశారు, పది పేజీల సమాచారం చేతిలో పెట్టారు, అందరికీ అన్నీ ఒకటే, చెప్పిన రేటు ఒక్కటే వేరు. 74,900 డాలర్లు విలువ కట్టిన ఇంటికి కొందరి కాగితంలో 65,900, ఇంకొందరి కాగితంలో 83,900 అని ఉంది. రేటు ఎక్కువ చూసినవాళ్లు ఇంటి విలువ ఎక్కువ కట్టారు, ఏజెంట్లు కూడా. ఏజెంట్లని మీరు వేటిని బట్టి విలువ కట్టారు అని అడిగితే చాలామంది ఆ చెప్పిన రేటు పేరే ఎత్తలేదు. ప్లాట్లు కొనే అమ్మే మన ఊళ్లలో ఇది అర్థం కాని మనిషి ఉండడు, పైగా ఇంటికి తేమ లేదు మబ్బు లేదు, మారింది ఒక్క అంకే కాబట్టి కారణం తేటగా తెలుస్తుంది.

దీన్నుంచి తప్పించుకోవడం ఎట్టా అనే సెక్షన్ వ్యాసంలో ఒక్క వాక్యంతో ముగిసింది, "అవగాహన పెంచుకోవాలి" అని. ఆ వాక్యం తీసెయ్యాలి, ఎందుకంటే అది పరిశోధనకి ఎదురు పోతుంది. 1996లో తిమోతీ విల్సన్, ఆయన సహచరులు మనుషుల్ని ముందే హెచ్చరించి చూశారు, ఇదిగో ఈ అంకె మీ జవాబుని లాగొచ్చు జాగ్రత్త అని, అయినా లాగింది. కొంత పనిచేసింది వేరే ఉంది. 2000లో ముస్‌వైలర్, స్ట్రాక్, టిమ్ ఫైఫర్ జర్మనీలో ఒక పాత ఓపెల్ కారు తీసుకుని మెకానిక్కుల కాడికి, కార్ల డీలర్ల కాడికి పోయారు, ఇది 2,800 మార్కులు (అప్పటి జర్మనీ డబ్బు) చేస్తుందనుకుంటున్నా అని కొందరితో, 5,000 చేస్తుందనుకుంటున్నా అని ఇంకొందరితో అన్నారు. కార్లలోనే బతికే మనుషులు కూడా ఆ అంకె వైపు ఒరిగారు. అయితే సగం మందిని, ఆ రేటు సరికాదని మా ఫ్రెండ్ అంటున్నాడు, అట్టా అనడానికి కారణాలు ఏముంటాయి అని అడిగారు. ఆ కారణాలు నోటితో చెప్పినవాళ్లలో ఒరుగుడు బాగా తగ్గింది. బేరాల్లో అయితే ఆడమ్ గలిన్‌స్కీ, ముస్‌వైలర్ 2001లో చూపించింది ఉంది, మొదట రేటు చెప్పినవాళ్లకి లాభం వస్తుంది, కానీ అవతలివాళ్లు చెప్పిన అంకె మీద కాకుండా తన టార్గెట్ ఏంటి, ఎదుటివాడు ఎంతవరకు దిగగలడు అనేదాని మీద మనసు పెట్టినవాళ్ల మీద ఆ లాభం పనిచెయ్యలేదు. కారు రేటు, జీతం, అద్దె మాట్లాడుకునే పాఠకుడికి వ్యాసం మొత్తంలో ఎక్కువ పనికొచ్చే పేరా ఇదే అవుతుంది, దీన్ని కింద ఎక్కడో కాకుండా కొంచెం పైకే తెస్తాను.

పని చేసే వరస ఎట్టా అనుకుంటున్నానంటే, ముందు చర్చ పేజీలో ఈ ప్లాన్ పెట్టి కొన్నాళ్లు ఆగుతా, పాత వ్యాసం రాసినవాళ్లు కష్టపడే రాశారు, వాళ్లకి చెప్పకుండా ఒక్కసారిగా అంతా తుడిచేసి కొత్తది పెట్టడం మర్యాద కాదు, పైగా అట్టా చేస్తే వెనక్కి తిప్పేస్తారు. అభ్యంతరం లేకపోతే మొదటి పేరా, ఆ తర్వాత పాచికల సంగతి సరిచేయడం, ఎందుకంటే తప్పు సమాచారం ఒక్క రోజు కూడా ఉండకూడదు. తర్వాత మెనీ ల్యాబ్స్, ఆ తర్వాత కారణాల సెక్షన్. ఒక్కో మార్పూ విడిగా సేవ్ చేస్తాను, ఏం మార్చానో ఎందుకు మార్చానో ఒక లైను రాస్తూ, ఎవరికైనా ఒక ముక్క నచ్చకపోతే ఆ ముక్క వరకే మాట్లాడుకోవచ్చు. ఆధారాల్లో ప్రయోగం చేసినవాళ్ల సొంత పేపర్ ఒక్కటే కాకుండా దాన్ని అంచనా వేసిన సమీక్షలు కూడా ఉండాలి. ట్వెర్‌స్కీ, కానెమన్ అదే 1974 పేపర్లో ఇంకో రెండు లోపాల గురించి చెప్పారు, సులువుగా గుర్తొచ్చినవే ఎక్కువ జరుగుతాయనుకోవడం, పోలికని బట్టి ఇది ఆ రకమే అని తేల్చేయడం, వాటి వ్యాసాలకి ఇక్కడి నుంచి లింకులు లేవు, అవి కలపాలి.

సైట్ గురించి కూడా ఒక మాట, రివ్యూ కదా. ఫోన్లో త్వరగా తెరుచుకుంటుంది, యాడ్స్ లేవు, మా ఊళ్లో సిగ్నల్ సరిగా లేని చోట కూడా అక్షరాలు వచ్చేస్తాయి. చరిత్ర అనే చోట నొక్కితే ఎవరు ఎప్పుడు ఏం మార్చారో అంతా కనపడుతుంది, ఇది నాకు చాలా నచ్చే సంగతి, టెక్స్ట్ బుక్కులో అది కుదరదు. ఫోన్ మీద దిద్దడం మాత్రం కష్టం, ఆధారం చేర్చే పెట్టె చిన్న స్క్రీన్ మీద ఇబ్బంది పెడుతుంది, కంప్యూటర్ ఉంటేనే ఆ పని పెట్టుకోండి. వ్యాసంలో బొమ్మ ఒక్కటీ లేదు, ఆ గుణకారం వరుసలు రెండూ పెట్టెగా పెడితే ఆ లోటు కొంత తీరుతుంది.

మార్కులు విడిగా చెప్పాలంటే చక్రం ప్రయోగానికి ఒకటి, ఉన్నంతలో ఆధారాల లింకులు పనిచేస్తున్నందుకు ఒకటి, సైట్‌కి అర. ఇప్పటికైతే పరీక్షకి చదివే పిల్లలు నిర్వచనం, చక్రం ప్రయోగం వరకు వాడుకోండి, పాచికలు, కీబోర్డు సంగతులు ఆ వ్యాసంలో ఉన్నట్టు రాయొద్దు. నార్త్‌క్రాఫ్ట్, నీల్ పేపర్ పూర్తి కాపీ చదవగలిగే యూనివర్సిటీ లైబ్రరీ ఎవరికైనా అందుబాటులో ఉంటే, ఏజెంట్లు తాము వేటిని బట్టి విలువ కట్టామని చెప్పారో ఆ భాగం ఏ పేజీలో ఉందో చూసి కింద రాయండి, ఆ వాక్యానికి పేజీ నంబర్‌తో సహా ఆధారం ఇవ్వాలి.